కదలిక ఎవరిది? కర్తృత్వం ఎవరిది? – స్టెలార్క్ యంత్రదేహం, థింసా వరుస

యంత్రాన్ని ప్రత్యక్ష ప్రదర్శనలో భాగం చేసిన కళాకారులపై సాగే విమర్శ తరచుగా ఒకే ప్రశ్న దగ్గర ఆగిపోతుంది: యంత్రాన్ని మనిషి ఆడిస్తున్నాడా, మనిషినే యంత్రం ఆడిస్తోందా? ఈ ప్రశ్న అవసరమైనదే గాని చాలదు. కదలికపై అదుపు వేరు, కృతిపై కర్తృత్వం వేరు. ఈ రెండింటినీ విడదీసి చూసినప్పుడే యంత్రప్రదర్శన స్వభావం బోధపడుతుంది.

ఆస్ట్రేలియా కళాకారుడు స్టెలార్క్ 1980లో ‘థర్డ్ హ్యాండ్’ను పూర్తిచేశాడు. కుడిచేతికి అమర్చిన ఈ యాంత్రిక హస్తాన్ని పొట్ట, కాళ్ల కండరాల విద్యుత్ సంకేతాలు నడిపేవి. అక్కడ అదుపు దేహానిదే. 1995 నాటి ‘ఫ్రాక్టల్ ఫ్లెష్’లో ఆ సంబంధం తలకిందులైంది. లక్సెంబర్గ్‌లో ఉన్న అతని దేహాన్ని పారిస్, హెల్సింకి, ఆమ్‌స్టర్‌డామ్‌లలోని వ్యక్తులు కండరాలకు విద్యుత్ ప్రేరణనిచ్చే వ్యవస్థ ద్వారా దూరం నుంచే కదిలించారు. దేహం కదలికను పరులకు అప్పగించింది. అయినా కృతి స్టెలార్క్‌దిగానే నిలిచింది, కదిలించినవారు అనామకులయ్యారు.

తెలుగు రంగస్థలంలో ఈ చర్చకు దగ్గరి ఉదాహరణ సురభి. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ‘కీచకవధ’తో మొదలైన ఈ కుటుంబ నాటకరంగం తాళ్లు, కప్పీలు, తెరల సాయంతో మాయాదృశ్యాలను సృష్టించింది. తాడు లాగే చేయి ప్రేక్షకునికి కనిపించదు. అయితే ఆ చేయి కూడా ‘సురభి’ అనే ఉమ్మడి పేరులో భాగమే.

పెదబయలు, అరకు ప్రాంతాల థింసాలో తెర లేదు, యంత్రం లేదు. ఒకరి వెనుక నుంచి ఒకరు చేతులు పెనవేసుకున్న స్త్రీల వరుస డప్పు, తుడుము, మోరీల లయకు అడుగులు వేస్తుంది. పక్క దేహపు ఒరిపిడే తరువాతి అడుగుకు సూచన; అదుపు వరుస అంతటా పరచుకొని ఉంటుంది. ఈ నృత్యాన్ని సంవేదక పరికరాలతో నమోదు చేస్తే కీళ్ల కోణాలు దొరకవచ్చు. ఆ కోణాలతో రోబోను ఆడించవచ్చు. కాని ఒక దేహం నుంచి మరొక దేహానికి పాకే ఆ ఒత్తిడి విడి దేహాల లెక్కలో చిక్కదు.

అంతకంటె తీవ్రమైన సమస్య పేరుకు సంబంధించినది. స్టెలార్క్ కదలికను వదులుకొని పేరును నిలుపుకొన్నాడు. థింసాను ‘గిరిజన నృత్యం’ అన్న రెండు మాటలతో వేదికపైకి పిలిచినప్పుడు ఆడేవారికి కదలిక మిగులుతుంది, పేరు పోతుంది. రేపు ఆ అడుగులను యంత్రం నేర్చుకుంటే ఆ కదలిక కూడా వారిది కాకుండా పోవచ్చు. స్టెలార్క్ దేహాన్ని అప్పగించడం అతని స్వీయ నిర్ణయం. ఆ కృతికి నైతిక బలం అక్కడిదే. థింసాను యంత్రంతో జోడించే ఏ ప్రయోగాన్నైనా ఇదే గీటురాయిపై పరీక్షించాలి: అప్పగించాలో వద్దో నిర్ణయించేది ఆ వరుసలోని స్త్రీలేనా?