కె.కె. మహాజన్ కెమేరా పనితనము

భారతీయ ఛాయాగ్రాహకులలో అగ్రగణ్యుడెవ్వరని ప్రశ్నించినచో విజ్ఞులనేకులు సుబ్రతో మిత్రా పేరు చెప్పుదురు. ఆ మహనీయునియందు నాకును భక్తి కలదు గాని, ధనబలమును స్టూడియో సౌకర్యమును లేని యువదర్శకుల చెంత నిలిచి, ఆ లేమినే శైలిగా మలచి, హిందీ, వంగ, తెలుగు చిత్రములకు క్రొత్త చూపునొసగిన కె.కె. మహాజన్ గారిదే ప్రథమస్థానమని నేను నిస్సంకోచముగా వాదింతును.

గురుదాస్‌పూరున జన్మించి పూనా ఫిలిం ఇన్‌స్టిట్యూటున విద్య ముగించిన ఆయన 1969లో రెండు చిత్రములతో ఒక్కమారుగా ప్రసిద్ధికెక్కెను. ‘సారా ఆకాశ్’ ఆగ్రాలోని యొక పాత యింట తీసినది. ఆ యిరుకు గదులలో, పరస్పరము పలుకరించుకొనని నవదంపతుల నడుమ, ఆయన కెమేరా ఆ కుటుంబములో నొకరివలె మసలినది. ‘భువన్ షోమ్’లో సౌరాష్ట్రపు ఇసుకమేటలపై కాయు తెల్లని యెండకు వెఱవక, ఆ వెలుతురులోనే సుహాసినీ మూలే నవ్వును, ఉత్పల్ దత్ బిగువు సడలిన ముఖమును చూపిన తీరు ఎన్నిమారులు చూచినను తనివి తీరదు.

ఆయన విద్యకు పరాకాష్ఠ మణి కౌల్ తీసిన ‘ఉస్కీ రోటీ’. బస్సు డ్రైవరైన భర్తకు రొట్టెలు తెచ్చి దారిప్రక్కన వేచియుండు పంజాబీ యిల్లాలి నిరీక్షణమే కథ. అందు వాడినవి 28, 75 మిల్లీమీటర్ల లెన్సులు రెండే. మొదటిది ముంగిటి ముఖమును వెనుకటి పొలమును సమానస్ఫుటముగా గ్రహించును. రెండవది పరిసరములను మసకలో ముంచి మనిషిని ఏకాకిని జేయును. తొలుత ఒకదానిని ఆమె యెదుటి లోకమునకును, వేఱొకదానిని మనోలోకమునకును కేటాయించి, పిదప ఆ రెంటిని తారుమారు చేయుటచే, చూచుచున్నది నిజమో తలపోతయో ప్రేక్షకునకు తెలియరాదు. సంభాషణములకందని సంశయమును గాజుబిళ్లలచే పలికించుట ఎంతటి సాహసము!

మృణాల్ సేన్ ‘ఇంటర్వ్యూ’లో, కలకత్తా ట్రాములో పోవు కథానాయకుడు తన్ను చిత్రించుచున్నారని ప్రేక్షకులకే చెప్పివేయగా, తెరపై కెమేరాతో ప్రత్యక్షమగువారు మహాజన్ గారే. ‘సారా ఆకాశ్’, ‘ఉస్కీ రోటీ’, ‘మాయా దర్పణ్’, ‘కోరస్’ చిత్రములు నాలుగును ఆయనకు జాతీయ బహుమతులు తెచ్చినవి.

ఇట్టివారు తెలుగు చిత్రమునకు కెమేరా పట్టిరని మనలో నెందరెఱుగుదురు? ప్రేమ్‌చంద్ ‘కఫన్’ ఆధారముగా సేన్ 1977లో తీసిన ‘ఒక ఊరి కథ’ ఆయన ఛాయాగ్రహణమే. కూలికి పోవుటకన్న పస్తుండుటయే మేలని మొండికేసిన వెంకయ్య గుడిసెను, అతని ఆకలిని, ఆయన అందగింపలేదు, జాలికొఱకు వికృతము చేయనులేదు. నేడో, భుజముపై కెమేరా నెత్తుకొని కుదుపుటయే వాస్తవికత యనియు, కంప్యూటరులో పసుపుడాలు పులిమినచో పల్లె యగుననియు నమ్మువారు స్వతంత్ర చిత్రకారులమని చెప్పుకొనుచున్నారు! ‘ఉస్కీ రోటీ’లో కెమేరా నిశ్చలముగా నిలుచుటకును, ‘ఇంటర్వ్యూ’లో వీధులవెంట పరుగిడుటకును ఆయా కథలే కారణమని వీరికి చెప్పువారెవ్వరు?

2007లో ఆయన గతించెను. మన ఫిలిం సొసైటీలవారిని నేను ప్రార్థించునదొక్కటే. చేతిఫోనులలో చెడిన నకళ్లు చూచుకొనుట మాని, ‘ఒక ఊరి కథ’ను పెద్ద తెరపై ప్రదర్శింపుడు, ప్రకటనపత్రముపై దర్శకుని పేరు సరసన ఛాయాగ్రాహకుని పేరును అదే పరిమాణమున అచ్చువేయింపుడు.