ముత్తమ్మ కేసు - మన జీవితరేఖలు

"తొలి మహిళ" అనే శీర్షిక కింద మన భాషలో వెలువడే జీవితరేఖలకు ఒక మూస ఏర్పడిపోయింది. పుట్టిన ఊరు, పరీక్షలో ర్యాంకు, ఎదురైన ఒక అవమానం, ఆపైన విజయం, చివర ఒక నమస్కారం. మా కళాశాల వక్తృత్వ పోటీలో ఒక విద్యార్థిని ఈ మూసలోనే సి.బి. ముత్తమ్మగారి కథ చెప్పింది. బాగా చెప్పింది. మొదటి బహుమతి నేనే ఇచ్చాను. ఇంటికి వచ్చి 1979 నాటి తీర్పు తీసి చదివాక, ఆ బహుమతి ఇచ్చినందుకు నాకే చిన్నతనంగా అనిపించింది. తప్పు ఆ పిల్లది కాదు. అంతకు మించి ఆమెకు మేము చదివించలేదు.

ముత్తమ్మ 1924లో కొడగులోని విరాజపేటలో పుట్టి, మద్రాసులో చదివి, 1949లో విదేశాంగ సర్వీసులో చేరిన తొలి మహిళ. హంగరీ, ఘనా, నెదర్లాండ్స్ దేశాలలో రాయబారి. ఇంతవరకు అందరూ చెబుతారు. ఆమె ఎవరి మీద కోర్టుకెక్కిందో చెప్పేటప్పుడు మాత్రం గొంతు తగ్గిస్తారు. ఆమె ఎక్కింది తన ప్రభుత్వం మీదనే.

ఆ సర్వీసుకు 1961లో రూల్సు రాశారు. మహిళా ఉద్యోగి పెళ్లి చేసుకోదలిస్తే ముందుగా ప్రభుత్వం నుంచి లిఖితపూర్వకంగా అనుమతి పొందాలి. పెళ్లయిన తరువాత ఎప్పుడైనా సరే, ఆమె సంసార బాధ్యతలు ఉద్యోగానికి అడ్డు వస్తాయని ప్రభుత్వానికి నమ్మకం కుదిరితే రాజీనామా కోరవచ్చు. మరో రూలు ప్రకారం, వివాహిత స్త్రీకి ఆ సర్వీసులో నియామకం పొందే హక్కే లేదు. సాహిత్యం చదువుకున్నవాణ్ణి గనుక నేను ఈ వాక్యాల నిర్మాణం చూస్తాను. అడ్డు వచ్చిందని రుజువు చేయనక్కరలేదు, వస్తుందని దొరగారికి తోస్తే చాలు. సంసారం వుంది గాని, అందులో భర్త కనిపించడు. పురుష రాయబారి ఇంట విందులకు ఏర్పాట్లు చేసి, అతిథులను ఆదరించే భార్య శ్రమను మాత్రం అదే సర్వీసు జీతం బత్తెం లేకుండా వాడుకుంటూనే వుంది.

ఇది తెల్లవాడు వదిలిపోయిన పాపమని సరిపెట్టుకోవడానికీ వీల్లేదు. స్త్రీ పురుష భేదం చూపరాదన్న రాజ్యాంగం అమలులోకి వచ్చిన పదకొండేళ్లకు మన అధికారులే కూర్చుని రాసిన రూలు ఇది. 1951లో ఐ.ఏ.యస్.కు ఎంపికై మద్రాసు రాష్ట్రం కోరుకున్న అన్నా రాజం జార్జిగారి నియామక పత్రంలోనూ, పెళ్లయితే ఉద్యోగం పోతుందనే షరతు వుంది. మన ఆంధ్ర జిల్లాలు అప్పటికి ఆ రాష్ట్రంలోవే.

ఇక తీర్పు. రాసినవారు జస్టిస్ కృష్ణయ్యర్, 1957 నాటి కేరళ మంత్రివర్గంలో పనిచేసిన వ్యక్తి. సంసారం స్త్రీ ఉద్యోగానికి అడ్డయితే పురుషుడి ఉద్యోగానికి ఎందుకు కాదని ఆయన సూటిగా అడిగాడు. మనవాళ్లు ఆ మాట తలకెత్తుకుంటారు. అయితే అన్ని వృత్తులలోనూ స్త్రీ పురుషులు సమానమని తమ అభిప్రాయం కాదని కూడా ఆ తీర్పులోనే వుంది. అభిమానం కొద్దీ దాన్ని దాటేయడం విమర్శ అనిపించుకోదు. పైగా కేసు నడుస్తుండగానే ప్రభుత్వం ఆమెకు ప్రమోషన్ ఇచ్చింది. ఒక రూలు తీసేశామని, రెండోది తీసేయబోతున్నామని చెప్పింది. కోర్టు పిటిషన్ కొట్టివేసింది. మన వ్యాసాలు దీన్నే "ఘనవిజయం" అంటాయి! రూల్సు పోయాయి, నిజమే. ముప్ఫయ్యేళ్ల సర్వీసున్న అధికారిణి పై పదవిని పణంగా పెట్టి పోరాడితేనే పోయాయి. ఆ సాహసాన్ని నేను తక్కువ చేయడం లేదు.

నా అభ్యంతరం వేరు. అంతకు పద్నాలుగేళ్ల ముందే, 1965లో, సుప్రీంకోర్టు ముందుకు ఇలాంటి షరతే వచ్చింది. బొంబాయిలో ఇంటర్నేషనల్ ఫ్రాంచైజెస్ అనే మందుల కంపెనీ ప్యాకింగ్ విభాగంలో పనిచేసే ఆడవాళ్లు పెళ్లి చేసుకుంటే ఉద్యోగం పోయేది. పెళ్లయినవాళ్లు ఎక్కువగా నాగా పెడతారని, జట్టుగా చేసే పని దెబ్బ తింటుందని యాజమాన్యం వాదించింది. బొంబాయి లేబర్ యూనియన్ పోరాడి ఆ షరతును కొట్టివేయించింది. వాళ్ల పిటిషన్‌ను సుప్రీంకోర్టు కొట్టివేయలేదు.

పైన ఒక మహిళ తలుపు తెరిస్తే కింద ఉన్నవాళ్లందరూ లోపలికి వస్తారన్నది మన మూసకు పునాది. ఇక్కడ ప్యాకింగ్ బల్ల దగ్గర నిలబడ్డవాళ్లే ముందు నడిచారు. ముత్తమ్మ తీర్పు వచ్చిన రెండేళ్లకు, 1981లో, అదే సుప్రీంకోర్టు ఎయిర్ ఇండియా హోస్టెస్‌ల కేసులో మొదటి గర్భానికే ఉద్యోగం తీసేసే రూలును కొట్టివేసి, చేరిన నాలుగేళ్లలోపు పెళ్లి చేసుకోరాదన్న రూలును మాత్రం నిలబెట్టింది. రాయబారి గెలుపు విమానంలో ట్రేలు మోసే అమ్మాయి దాకా రాలేదు.

వచ్చే పోటీకి అంశం రాసిమ్మని ప్రిన్సిపాల్‌గారు అడిగారు. "బొంబాయి లేబర్ యూనియన్ కేసు, 1965" అని రాసిచ్చాను. ఇందులో తొలి మహిళ ఎవరండీ అని ఆయన నన్నడిగారు.