రాతకు లొంగని నోరు

తిండి సరుకులు అనే అర్థంలో ఇంగ్లీషులో ఒక పాత మాట ఉంది. అక్షరాలను నమ్మి చదివితే అది ‘విక్చువల్స్’. పలకవలసింది మాత్రం ‘విటిల్స్’. బ్రిటన్‌లో మద్యం అమ్మడానికి అనుమతి ఉన్న పబ్బు యజమానిని ‘లైసెన్స్‌డ్ విట్లర్’ అనడం దీన్నించి వచ్చినదే.

పాత ఫ్రెంచి నుంచి వచ్చిన నాడు ఈ మాటలో ‘సి’ లేదు. పలికినట్టే రాసుకునేవారు. తర్వాత లాటిన్ మీద మోజు పెరిగింది. పండితులు మాటల పుట్టుక వెతికి, మూలంలోని అక్షరాలను తెచ్చి రాతలో చొప్పించారు. అప్పును చెప్పే ‘డెట్’లో ‘బి’, ‘రిసీట్’లో ‘పి’, అభియోగం మోపడమనే ‘ఇండైట్’లో ‘సి’ అలా చేరినవే. కలం మారింది గాని జనం నోరు మారలేదు. పైగా ఈ సవరణలన్నీ సరైనవీ కావు. ‘ఐలండ్’ అచ్చమైన పాత ఇంగ్లీషు మాట. లాటిన్ ‘ఇన్సులా’తో దానికి చుట్టరికమే లేదు. ఆ లాటిన్ మాటకు వారసురాలైన ‘ఐల్’ని చూసి దీనికీ ఒక ‘ఎస్’ అంటగట్టారు.

కొన్నిచోట్ల చొప్పించిన అక్షరమే గెలిచింది. ‘ఫాల్ట్’, డేగను చెప్పే ‘ఫాల్కన్’ ఒకప్పుడు ‘ల’కారం లేకుండా వినిపించేవి. రాతలో చేరిన ఆ అక్షరం క్రమంగా నోటికీ ఎక్కింది. ఏది నెగ్గుతుందో చెప్పే సూత్రమేదీ లేదు. అందుకే ఇలాంటి మాటలను ఒక్కొక్కటిగా నేర్చుకోక తప్పదు.

సైన్యంలోని ‘కర్నల్’ కథ ఇంకా చిత్రం. ఇటాలియన్‌లో అది ‘కొలొనెల్లో’, దళానికి నాయకుడు. ఫ్రెంచి నోట్లో మొదటి ‘ల’ కాస్తా ‘ర’ అయింది. పదహారో శతాబ్దంలో ఇంగ్లీషు ఆ రూపాన్నే తీసుకుంది. ఆ తర్వాత రాత ఇటాలియన్ వైపు మళ్లింది, పలుకు ఫ్రెంచి దగ్గరే ఉండిపోయింది. తెలుగు పత్రికలు ‘లెఫ్టినెంట్ కల్నల్’ అని రాస్తాయి. మొదటి సగం బ్రిటిష్ పలుకును విని రాసినది, రెండో సగం అక్షరాలను చూసి రాసినది. ఒకే హోదాలో చెవి, కన్ను పంచుకున్న ఈ రాజీని తప్పుపట్టనక్కర్లేదు. ‘కల్నల్’ ఇప్పుడు తెలుగు మాటే.

ఓడల మీది మాటలది వేరే దారి. అక్కడ రాత కదలలేదు, నోరే అరగదీసింది. డెక్ మీది పనివాళ్లను నడిపించే అధికారి రాతలో ‘బోట్‌స్వెయిన్’, పలుకులో ‘బోసన్’. పడవ పక్క గోడ పై అంచు రాతలో ‘గన్‌వేల్’, పలుకులో ‘గనెల్’.

పుస్తకాల్లోనే ఎదురయ్యే ఇలాంటి మాటలకు నిఘంటువే దిక్కు. అయితే 1755 నాటి శామ్యూల్ జాన్సన్ నిఘంటువు ఊనిక ఎక్కడ పడుతుందో మాత్రమే చూపేది. ప్రతి మాట ఉచ్చారణనూ గుర్తులతో వివరించే పని జాన్ వాకర్ 1791లో చేశాడు. డేనియల్ జోన్స్ 1917లో తెచ్చిన ఉచ్చారణ నిఘంటువు అంతర్జాతీయ ధ్వని లిపిని వాడింది.

నిఘంటువులూ కాలంతో మారతాయి. నుదుటిని పాతతరం ఇంగ్లీషువాళ్లు ‘ఫారిడ్’ అనేవారు. బడి చదువు పెరిగాక అక్షరాల ప్రకారం పలికే ‘ఫోర్‌హెడ్’ వ్యాపించింది. ఇప్పటి బ్రిటిష్ నిఘంటువులు రెండింటినీ ఇస్తున్నాయి.