శుక్రవారం ఉతుకు

పెరూ రాజధాని లిమాలో జనం గుంపుగా జాతీయ జెండాలు ఉతుకుతున్న పాత ఫొటో ఒకటి ఈ వారం కాలమిస్టు కంటపడింది. కింద కళాకారుల పేరు లేదు. ఈ చిరాకు పాఠకులకు కొత్తేం కాదు. బొమ్మ కింద గీసినవారి పేరు, పాట కింద రాసినవారి పేరు ఉండి తీరాలన్నది ఈ కాలమ్ ఏళ్లుగా పట్టిన పంతం.

పేరు ఉంది: కొలెక్టివో సోసియెదాద్ సివిల్. 2000 ఏప్రిల్‌లో అధ్యక్షుడు ఫుజిమోరి మూడోసారి గద్దె కోసం జరిపిన ఎన్నికల్లో అక్రమాలు చూసి కళాకారులు, విమర్శకులు కూడి పెట్టుకున్న బృందం. ‘లావా లా బందేరా’ అనే జెండా ఉతుకు మే నెలలో మొదలైంది. ఆపై ప్రతి శుక్రవారం మధ్యాహ్నం, అధ్యక్ష భవనం ఎదుటి ప్లాసా మయోర్‌లో.

కావలసినవల్లా ఎర్ర ప్లాస్టిక్ తొట్టె, నీళ్లు, బొలివార్ సబ్బుబిళ్ల. ఎరుపు, తెలుపు గుడ్డను నానబెట్టి, సబ్బు రుద్ది, నలిపి, జాడించి, పిండి దండెం మీద ఆరేయడమే. పెద్ద జెండాను ఒక్కరు పిండలేరు. రెండో కొస పక్కనున్నవాళ్లు పట్టుకోవాలి, వాళ్లెవరో తెలియకపోయినా. కిందటి వారం ఉతికినదాంట్లో మురికేముంటుంది? అయినా మళ్లీ నానబెట్టేవారు. పాలన మారలేదు కదా.

అదే లిమా శివార్లలో, వెంటనియాలో, 2002 ఏప్రిల్ 11న బెల్జియం కళాకారుడు ఫ్రాన్సిస్ అలీస్ 500 మంది వాలంటీర్ల చేతికి పారలిచ్చి ఇసుకదిబ్బను జరిపించారు. అది కదిలింది ఓ పది సెంటీమీటర్లు. అద్భుతమైన పని, కానీ ఒక్కరోజు పని. దాని గురించి ఎక్కడ రాసినా అలీస్ పేరు ముందుంటుంది.

జెండా ఉతుకు దారి వేరు. ఉతుకు మొదలైన 2000లోనే, సెప్టెంబర్ 14న, ఫుజిమోరి కుడిభుజం మోంటెసినోస్ ఓ ప్రతిపక్ష ఎంపీకి నోట్లకట్టలు ఇస్తున్న వీడియో టీవీలో వచ్చింది. నవంబర్‌లో ఫుజిమోరి జపాన్ నుంచి రాజీనామాను ఫ్యాక్స్‌లో పంపారు. సబ్బునురగకే ప్రభుత్వం కూలిందనడం అతిశయోక్తి. వీడియో బయటపడేనాటికి మాత్రం, శుక్రవారం అక్కడికి వెళ్తే తోడుగా ఇంకొకరుంటారన్న ధైర్యం జనానికి వచ్చేసింది. పేరున్న కళాకారుల ప్రదర్శన అంటే చూడ్డానికి వచ్చి నిలబడేవారు. ఉతుకు అందరిదీ అయింది కాబట్టే వంగి చేతులు తడుపుకున్నారు. పాత పంతం ఇక్కడ పనికిరాదు: ఈ కళకు కర్త పేరు అడ్డే. ఏ రోజు, ఎక్కడ, ఏం తెచ్చుకోవాలో తెలిస్తే చాలు. ఆ మాత్రం తెలిసినవాళ్లే లిమా దాటి పెరూలోని వేరే ఊళ్లలో, చివరికి విదేశాల్లో కూడా తొట్టెలు పెట్టుకున్నారు.