వాళ్ళు పొద్దంతా ఏం చేస్తారు?

కొత్తగా రాసేవాళ్ళ ప్రేమకథలు చదువుతుంటాను. చాలావాటిలో ఇద్దరికీ పనీపాటా ఉండదు. చూసుకుంటారు, అలుగుతారు, వానలో తడుస్తారు. అంత తీరిక ఎవరికుందో చెప్పండి. నాకైతే అక్కడే నమ్మకం పోతుంది.

సిరిసిల్లలో సాంచాల (మరమగ్గాల) మీద 12 గంటల షిఫ్టు చేసే మనిషిని తీసుకోండి. ఆ చప్పుడులో మాట వినపడదు, సైగ చెయ్యాలి. ఇంట్లో అతని భార్య కండెలు చుడుతుంది. రాత్రి షిఫ్టు దిగి అతను వచ్చేసరికి ఆమె పనిలో పడి ఉంటుంది. ఇద్దరూ మెలకువగా కలిసుండే గంటలెన్నో లెక్క వేసుకుంటే కథ సగం దొరికినట్టే.

జగిత్యాల, కోరుట్ల వైపు మగవాళ్ళు దుబాయి, మస్కట్ పోయారు. ఒకప్పుడు అక్కణ్ణుంచి ఉత్తరం వస్తే, చదువురాని భార్య బడికి పోయే పిల్లగాడితో చదివించుకునేది. అత్త, ఆడబిడ్డ పక్కనే కూచుని వినేవాళ్ళు. రాసేవాడికి ఆ సంగతి తెలుసు. బావి, బర్రె, అమ్మ మందులు అన్నీ అడిగి, చివర్న "రాత్రిదాంక బీడీలు చెయ్యకు, కండ్లు పోతయి" అని రాస్తాడు. ఉత్తరం మొత్తంలో ఆమెకు దక్కింది ఆ ఒక్క మాట.

ఇప్పుడు ఇమో యాప్‌లో కాల్ వచ్చింది. "తిన్నవా?" అంటుంది. "ఆఁ, నువ్వు?" అంటాడు. ఒళ్ళో చాట, చాటలో తునికాకు, తంబాకు. కూలి 1000 బీడీల లెక్కన. మాట్లాడేటప్పుడు ఆమె చెయ్యి ఆగిందా, లేదా? రచయిత చూడాల్సింది అది.

సిరిసిల్ల ప్రాంతం నుంచి వచ్చిన పెద్దింటి అశోక్‌కుమార్ నవల 'జిగిరి'ని ప్రేమకథగా ఎవరూ చదవరు. అయినా ఇమాం, బీబమ్మల కాపురం నాకు కళ్ళకు కడుతుంది. ఇమాం ఆడించే ఎలుగుబంటిని వదిలించుకుంటే భూమి వస్తుందని ఆమె ఆశ. అతనికి దాన్ని వదలబుద్ధి కాదు. బతుకుతెరువు దగ్గర పుట్టిన గొడవ కాబట్టి ఎవరినీ తప్పుపట్టలేం.

అట్లని కష్టాలు కుప్పపోస్తే ప్రేమ పుట్టదు. గల్ఫ్ కథల్లో భార్యకు ఎదురుచూడటం తప్ప పని ఇవ్వరు. నిజానికి అప్పు కట్టేదీ, బ్యాంకుకు పోయేదీ, పొలం కౌలుకిచ్చేదీ ఆమే. రెండేళ్ళకు సెలవు మీద వచ్చిన భర్త ఆ ఇంట్లో చుట్టంలా తచ్చాడతాడు. ఏ డబ్బా ఎక్కడుందో కూడా ఆమెనే అడగాలి. ఆ ఇద్దరూ మళ్ళీ కొత్తగా దగ్గరయ్యే కథ నాకు కావాలి. కోరుట్లలోనో, మెట్‌పల్లిలోనో అది చూస్తూ పెరిగినవాళ్ళు ఎవరైనా రాయండి. నాకు పంపండి, తప్పకుండా చదువుతాను.