ఎద్దు మీదైతే కళేబరం ఎవరిది?

మనిషికీ పశువుకూ వున్న బంధం తెగిపోయిందని వాపోయే రాతలు ఎక్కువయ్యాయి. ట్రాక్టరొచ్చింది, ఎద్దు పోయింది, దాంతోపాటు పల్లెలో ప్రేమా పోయిందంటారు. ఇందులో ‘మనిషి’ ఎవరు? పలుపు పట్టినవాడా, చచ్చినాక ఈడ్చుకుపోయినవాడా? మేం అడిగేది ఇదే.

నంద్యాల చుట్టూ నవనందులున్నాయి. మహానందికి జనం మొక్కుతారు. ఆళ్లగడ్డ శిల్పులు రాతిలో దేవుళ్లను చెక్కుతారు. తిరునాళ్లలో గిత్తలు బండ లాగితే యజమాని పేరు మైకులో మోగుతుంది. రాతి ఎద్దుకు పూజ, పందెం ఎద్దుకు పేరు. మరి నల్లరేగడిలో మడక లాగి లాగి చచ్చిన ఎద్దుకు? అది మాదిగవాడకొచ్చేది. తంగేడు చెక్కతో లందలో నానిన దాని తోలే కపిలకు తొండమై బావినీళ్లు తోడింది. రైతు కాలికి చెప్పయింది, దేవర ముందు డప్పయింది. పశువు ఒంటిని ఇంత దగ్గరగా ఎరిగిన విద్యను ఆ రాతలు ‘బంధం’ కింద లెక్కెయ్యవు. ఊరు దాన్ని మైల కింద జమకట్టింది.

ఈ సంగతి తెలుగు కవిత్వంలో జాషువాకు తెలుసు. 1941 నాటి ‘గబ్బిలం’లో అరుంధతీసుతుడు శివుడికి కబురు పంపింది గబ్బిలంతో. నందితో కాదు. తోలుపని కులంవాడికి గుడిముందరి నంది దూత కాలేదు, గుడిచూరుకు వేలాడే గబ్బిలమే అయింది. కులం పశువుల్ని కూడా పంచుకుందన్నమాట!

కరెంటు మోటారు కపిలను మింగింది. ఫ్యాక్టరీ చెప్పు వాడ చెప్పును మింగింది. పని పోయింది గానీ మైల పోలేదు. పైగా దానికి నేరం తోడైంది. 1977 నాటి మన రాష్ట్ర చట్టం గోవధను నిషేధించింది, చచ్చిన ఆవు తోలు తియ్యడాన్ని కాదు. అయినా 2016 జూలైలో గుజరాత్‌లోని ఉనాలో, ఆగస్టులో మన అమలాపురం దగ్గర, చచ్చిన ఆవు తోలు తీస్తున్న దళితుల్ని కట్టేసి కొట్టారు.

ఆ పని మళ్లీ కావాలని మేం అనడంలేదు. చచ్చిన పశువుల మాంసం మానండని 1927లో మహద్‌లో అంబేడ్కర్ చెప్పాడు. ఉనా తర్వాత గుజరాత్ దళితులు కళేబరాల్ని ఎత్తబోమన్నారు. బంధం నిజంగా మారింది అక్కడ, ఆ ‘ఎత్తం’ అన్న మాటలో. దాన్ని వదిలేసి ఎద్దుమీద ప్రేమను తలచుకు ఏడ్చే సాహిత్యం యజమాని సాహిత్యమే. నందికి మొక్కే చేతులు చచ్చిన ఎద్దును ఎత్తిననాడు మనిషి–పశువు ప్రేమ గురించి కలిసి మాట్లాడుకుందాం.