కూతుళ్ల మీదుగా వచ్చిన వంశం

శివరాత్రి జాతరకు మా మేళ్లచెరువు వచ్చినవాళ్లకు శంభులింగేశ్వరుడి గుడి కాకతీయుల నాటిదని చెబుతుంటాం. వెంటనే ఎవరో ఒకరు అడుగుతారు, ఆ కాకతీయుల వాళ్లు ఇప్పుడున్నారా అని. 2022 జులైలో కాకతీయ వైభవ సప్తాహానికి కాకతీయుల వారసుడినని చెప్పే బస్తర్ రాజవంశీకుడు కమల్‌చంద్ర భంజ్‌దేవ్ వరంగల్ వచ్చాక ఈ అడగడం ఎక్కువైంది. ఒక్క ముక్కలో తేల్చే సంగతి కాదిది. వంశం వెతకాలంటే ఇవాళ్టి నుంచి వెనక్కి, తరం తరానికీ ఆధారం అడుగుతూ పోవాలి.

అలా పోతే ముందు 1922లో బస్తర్ గద్దెనెక్కిన ప్రఫుల్ల కుమారీ దేవి వస్తుంది. బస్తర్ వంశం ఆమెది, భంజ్ పేరు మయూర్‌భంజ్ నుంచి వచ్చిన భర్తది. ఇంకా వెనక దంతెవాడ శాసనం ఉంది. బస్తర్ రాజు దిక్పాలదేవుడి కాలంలో, 1703లో వేసింది. ఓరుగల్లు విడిచి వచ్చిన అన్నమరాజు కాకతీయుల చివరి రాజు ప్రతాపరుద్రుడి తమ్ముడని అందులో ఉంది. ఓరుగల్లు పడిపోయింది 1323లో. పైగా ఈ శాసనం బస్తర్ రాజులను పాండవ వంశీయులంటుంది, కాకతీయుల శాసనాలు కొన్ని దుర్జయుణ్ని మూలపురుషుడంటాయి. బస్తర్ రాజులు తమ గురించి అలా చెప్పుకున్నారనడానికి ఆ రాయి చాలు. తమ్ముడే అనడానికి మరో రాయి కావాలి.

ఒక్క రాయి ఎంత మార్చగలదో చందుపట్లలో చూశాం. నకిరేకల్ దగ్గరి ఆ ఊళ్లో, శివలోకం చేరిన రుద్రమదేవికీ ఆమె సేనాని మల్లికార్జున నాయకుడికీ పుణ్యం కలగాలని పువ్వుల ముమ్మడి భూమి దానమిచ్చాడు. ఆ దాన శాసనం తేదీ 1289 నవంబరు 27. శాసన పరిశోధకులు పరబ్రహ్మశాస్త్రి గారు దాన్ని చదివాక, రుద్రమ 1295 దాకా ఏలిందన్న లెక్క మారిపోయింది. అలా చదవడానికి శాసనానికి నకలు తీసేటప్పుడు రాయిని కడిగి, తడి కాగితం పరిచి, బ్రష్‌తో కొడతారు. కాగితం అక్షరాల గుంటల్లోకి దిగుతుంది. పైన సిరా అద్దితే నల్లటి కాగితం మీద అక్షరం తెల్లగా తేలుతుంది. సున్నమో రంగో పట్టిన రాయి మీద ఈ పని సాగదు. గుడి బాగుచేస్తున్నామంటూ శాసనాల మీద రంగు పూసేవాళ్లను చూస్తే నాకు కడుపు మండుతుంది.

ఇక ప్రఫుల్ల కుమారి విషయానికొస్తే, ఆడపిల్ల వైపు నుంచి వచ్చినవాళ్లు కాకతీయులెలా అవుతారని వాదించేవాళ్లున్నారు. గణపతిదేవుడికి కొడుకుల్లేరు. ఆయన కూతురు రుద్రమకూ కూతుళ్లే. ప్రతాపరుద్రుడు ఆమె కూతురు ముమ్మడమ్మ కొడుకు, అమ్మమ్మ దత్తత చేసుకున్న మనవడు. ప్రఫుల్ల కుమారి దగ్గర వంశం తెగిపోయిందంటే ప్రతాపరుద్రుణ్నీ కాదనాలి. బస్తర్ విషయంలో నా సందేహం ఆమె దగ్గర లేదు. 1323కీ 1703కీ నడుమనున్న 380 ఏళ్లలో ఉంది, వెతకాల్సిన రాయీ అక్కడిదే.